ఆటలలో స్థానము, వరుస – కొన్ని మాటల అర్థము

(గ్రంథాలయ రజతోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



గ్రంథాలయమునకు వార్తాపత్రిక వచ్చినంతనే యువకులు మొదట తెరచునది ఆటల పుట. థర్డ్ మాన్, రైట్ కార్నర్, టాప్ సీడ్, వరల్డ్ ర్యాంక్, రేటింగ్, రన్నరప్ అను మాటలు ఆ పుటలో ప్రతిదినమును కనిపించును. ఇవన్నియు ఏదో యొక స్థానమును తెలుపునవే. కాని తెలుగున స్థానమను మాట రెండు పనులు చేయుచున్నది. ఆటగాడు మైదానమున ఎచ్చట నిలువవలెనో చెప్పునదియు స్థానమే. పట్టికలో అతడు ఎన్నవవాడో చెప్పునదియు స్థానమే. మొదటిది బాధ్యతను తెలుపును. రెండవది వరుసను తెలుపును. ఈ రెంటిని కలిపివేసినచో అది ఒట్టి మాట పొరపాటుగా నిలువదు. ఆడెడి పిల్లల విలువ కట్టుటలో పొరపాటగును.

ముందుగా బాధ్యతను తెలుపు మాటలను చూడుడు. క్రికెట్టులో ఫీల్డరుల పేర్లు వినుటకు వింతగా నుండును గాని వానికి ఒక క్రమము కలదు. బ్యాట్స్‌మన్ ఆటకు సిద్ధముగా నిలిచినపుడు అతని ఛాతీ ఉన్న వైపు ఆఫ్ సైడు, వీపు ఉన్న వైపు లెగ్ సైడు. కావున ఎడమచేతి ఆటగాడు వచ్చినచో ఈ రెండు వైపులును తారుమారగును. షార్ట్ అనగా దగ్గర. సిల్లీ అనగా మరింత దగ్గర, దెబ్బ తగులునంత దగ్గర. డీప్, లాంగ్ అనగా బౌండరీకి చేరువ. ఈ నాలుగు మాటలు తెలిసినచో సగము పేర్లు వానంతట అవియే బోధపడును. ఫస్ట్ స్లిప్, సెకండ్ స్లిప్ అను లెక్క వికెట్ కీపరు ప్రక్కనుండి మొదలగును. అది ప్రతిభను బట్టి వచ్చినది కాదు. థర్డ్ మాన్ అనువాడు జట్టులో మూడవవాడు కాడు. ఆఫ్ సైడున వికెట్ల వెనుక దూరముగా నిలుచువాడు మాత్రమే. వన్ డౌన్ అనగా ఒక వికెట్టు పడిన పిదప వచ్చువాడు; మాటలో ఒకటి యున్నను వరుసలో అతడు మూడవవాడు.

చెడుగుడు ఈ నేలకు క్రొత్తది కాదు. నేటి కబడ్డీలో ఒక్కొక్క జట్టునకు ఏడుగురు. అంచున నిలుచువారు కార్నర్లు, వారి తరువాత ఇన్ స్థానము వారు, అటుపై కవర్లు, నడుమ సెంటర్. కూతకు పోవువానికి చప్పట్లు ఎక్కువ వచ్చును. కాని కూతకు వచ్చిన ఎదిరివాని కాలు పట్టు కార్నరు లేనిదే ఏ జట్టును గెలువజాలదు. వాలీబాలులో 1 నుండి 6 వరకు స్థానములకు సంఖ్యలే కలవు. 1 అనగా వెనుక వరుసలో కుడివైపు, సర్వీసు చేయువాని చోటు. ఎదిరి జట్టునుండి సర్వీసు దక్కిన ప్రతిసారియు ఆటగాండ్రు గడియారపు ముల్లు తిరుగు దిక్కున ఒక్కొక్క చోటు జరుగుదురు. అచ్చట ఒకటవ సంఖ్య ఎవనికిని సొంతము కాదు.

బాధ్యత మారవచ్చుననుటకు ఫుట్‌బాల్ చరిత్రలో గొప్ప నిదర్శనము కలదు. 1962లో జకార్తాలో ఆసియా క్రీడలు జరిగినపుడు భారత జట్టునకు శిక్షకుడు హైదరాబాదు వాస్తవ్యుడైన సయ్యద్ అబ్దుల్ రహీమ్. రక్షణ వరుసలో ఆడు జర్నైల్ సింగునకు ఆ పోటీలలోనే తలకు గాయమై కుట్లు పడెను. రహీమ్ ఆయనను వెనుక నుండి తెచ్చి సెంటర్ ఫార్వర్డుగా ముందు నిలిపెను. దక్షిణ కొరియాతో జరిగిన ఫైనలులో భారతదేశము 2–1 తేడాతో గెలిచెను. ఆ రెండు గోలులలో ఒకటి జర్నైల్ సింగ్ చేసినదే. వెనుక నిలుచుట తక్కువ, ముందు నిలుచుట ఎక్కువ అను భావనకు ఇంతకు మించిన సమాధానము వేరొకటి లేదు.

ఇక వరుసను తెలుపు మాటలు. ఇవి ఎవరు ముందో, ఎవరు వెనుకో చెప్పును. ఎంత ముందో, ఎంత వెనుకో చెప్పవు. 1984 లాస్ ఏంజెలెస్ ఒలింపిక్సులో స్త్రీల 400 మీటర్ల హర్డిల్సు పరుగున పి.టి. ఉష 55.42 సెకండ్లతో నాల్గవదిగా వచ్చెను. కంచు పతకము పొందినామె కాలము 55.41. తేడా సెకనులో నూరవ వంతు. అదే పరుగులో మొదటి ఇద్దరి నడుమ తేడా నూరింట 59 వంతులు. పట్టికలో మాత్రము ఒకటికిని రెంటికిని ఎంత దూరమో మూటికిని నాలుగింటికిని అంతే దూరమువలె కనిపించును.

శ్రీకాకుళము జిల్లా ఆడపడుచు కరణం మల్లీశ్వరి 2000 సిడ్నీ ఒలింపిక్సులో 69 కిలోల తరగతిలో మొత్తము 240 కిలోలు ఎత్తి కంచు పతకము గెలిచెను. ఒలింపిక్ పతకము పొందిన మొదటి భారతీయ మహిళ ఆమెయే. ఆ పోటీలో స్వర్ణము, రజతము పొందిన ఇద్దరును ఎత్తినది సమానముగా 242.5 కిలోలు, అప్పటి నియమము ననుసరించి శరీరపు బరువు తక్కువగా నున్న ఆమెకు స్వర్ణము దక్కెను. అనగా సమానులను సైతము నియమము విడదీయగలదు. ఒక్కొక్కచో విడదీయకయు నుండును. టోక్యో ఒలింపిక్సులో 2021లో పురుషుల ఎత్తు దూకుటలో ఇద్దరు స్వర్ణమును పంచుకొనిరి. అప్పుడు రజతము లేకపోయెను. తరువాతివానికి కంచు లభించెను. ఇద్దరు మొదటివారైనచో తరువాతివాడు రెండవవాడు కాడు, మూడవవాడే.

ర్యాంకు, రేటింగు, సీడు, బిరుదు అను నాలుగును ఒకటి కావు. రేటింగు ఆటగాని బలమునకు కట్టిన అంకె. చదరంగమున దీనిని రూపొందించినవాడు ఆర్పాడ్ ఎలో అను భౌతికశాస్త్రాచార్యుడు. అంతర్జాతీయ చదరంగ సమాఖ్య 1970లో దీనిని స్వీకరించెను. ఇద్దరి నడుమ 200 పాయింట్ల తేడా యున్నచో, నాలుగు ఆటలలో బలవంతునికి సుమారు మూడు పాయింట్లు రావచ్చునని ఆ లెక్క చెప్పును. బలవంతుని గెలిచినచో ఎక్కువ పెరుగును, బలహీనుని గెలిచినచో తక్కువ పెరుగును. వరంగల్లు యువకుడు అర్జున్ ఎరిగైసి 2024 డిసెంబరు పట్టికలో 2800 దాటినది ఈ అంకెయే. ర్యాంకు అట్టిది కాదు. అది ఇతరులతో పోల్చి చెప్పు వరుస. తన ఆట తగ్గకున్నను, ఇతరులు పెరిగినచో ర్యాంకు దిగును. గ్రాండ్‌మాస్టర్ అనునది బిరుదు. గుడివాడలో జన్మించిన కోనేరు హంపి 2002లో పదునైదేండ్ల వయసున పొందిన ఆ బిరుదు రేటింగు పెరిగినను తరిగినను ఆమెతోనే యుండును.

సీడు అనగా విత్తనము. విత్తనములు ఒకే చోట పడకుండ రైతు ఎడము చూచి నాటునట్లు, బలవంతులు మొదటి ఆటలలోనే ఒకరితో నొకరు తలపడకుండ వారిని పట్టికలో దూరదూరముగా నుంచుటయే సీడింగు. అది పోటీకి ముందు వేసిన అంచనా, ఫలితము కాదు. 2016 రియో ఒలింపిక్సులో పి.వి. సింధు తొమ్మిదవ సీడు. రెండవ సీడు వాంగ్ యిహాన్‌ను ఓడించి, ఫైనలు చేరి, రజతము తెచ్చెను. 2018 ఏప్రిలులో కిడాంబి శ్రీకాంత్ బ్యాడ్మింటనులో ప్రపంచ ప్రథముడయ్యెను. వారము దినములకే ఆ స్థానము చేయి మారెను. దానివలన ఆయన ఆట వారములో చెడెనని అర్థము కాదు.

మరి రెండు మాటలు. బై అనగా ప్రత్యర్థి లేకయే తరువాతి సుత్తునకు పోవుట. వాకోవర్ అనగా ప్రత్యర్థి రాకపోవుటచే గెలుపు దక్కుట. రెంటను ఆట జరుగలేదు. రన్నరప్ మాత్రము ఆడి, అందరిని దాటి, చివరి ఆటలో నిలిచినవాడు. అతనిని ఓడినవాడనుట సగము మాటయే.

కావున వరుస చెప్పు అంకె ఏదైనను కంటబడినపుడు నాలుగు ప్రశ్నలు వేయవలెను: ఎందరిలో? ఏ కొలతతో? ఏనాటిది? ముందువానికిని ఇతనికిని తేడా యెంత? నలుగురు పరుగెత్తినచోట నాల్గవవాడును, నాలుగువందల మంది పరుగెత్తినచోట నాల్గవవాడును ఒకటి కారు. పాఠశాల ఆటలనుండి బిడ్డ ఇంటికి వచ్చినపుడు “ఎన్నవవాడవు?” అని మాత్రమే అడుగు తల్లిదండ్రులు పై ప్రశ్నలను మరువరాదు. పిల్లవాడు “గోల్‌కీపరుగా నిలిపిరి” అని చిన్నబోయినచో, అది చివర నిలుచుట కాదనియు, పదిమంది వెనుక జట్టునంతను కాచుట యనియు చెప్పవలెను. అదనపు ఆటగాడుగా ఒడ్డున కూర్చున్నవాడును జట్టులోనివాడే. ఆ ఒక్క మాట అందక ఆట మానుకొను పిల్లలు ప్రతి యూరను కలరు.

మాటకు సరియైన అర్థము తెలుపుట గ్రంథాలయము పని. ఇరువదియైదేండ్లుగా ఈ గ్రంథాలయము చేయుచున్న పనియు అదియే. ఆటల పుట చదువు యువకులు ఇకమీదట అంకెతో పాటు దాని వెనుకనున్న మనుష్యుని శ్రమను కూడ చదువుదురు గాక.