గడియకుడుక

ఏడు సముద్రముల కావల ఒక మాంత్రికుని గుహలో ఒక యంత్రము కలదనియు, దానిని ఆపినచో లోకమున కాలమే నిలిచిపోవుననియు చెప్పు కథలన్న పిల్లలకు ఎంతయో ప్రీతి. పెద్దలకును లేదని మేము చెప్పజాలము. అట్టి యంత్రముపై మోజు మన ప్రాచీన గణకులకును ఉండెడిది. సూర్యసిద్ధాంతము నెమలి, మనుష్యుడు, కోతి రూపములతో, దారములతోడను ఇసుకతోడను కాలము తెలుపు యంత్రములను పేర్కొన్నది. తనంత తాను తిరుగు గోళము మర్మమును దాచియుంచవలెనని కూడ హెచ్చరించినది. భాస్కరాచార్యుడు 1150లో రచించిన సిద్ధాంతశిరోమణిలో, బోలు ఆకులలో సగము వరకు పాదరసము పోసిన చక్రము తనంత తాను తిరుగునని వ్రాసెను. అట్టి చక్రము ఏనాడును తిరుగలేదు. తిరుగజాలదని నేటి భౌతికశాస్త్రము.

నిజముగా కాలమును కొలిచిన యంత్రము ఇంతకంటె చాల నిరాడంబరమైనది. అది అడుగున సన్నని రంధ్రము గల రాగి గిన్నె. మన తెలుగువారు దీనిని గడియకుడుక యనిరి. దీని కొలతలను ఎనిమిదవ శతాబ్ది జ్యోతిశ్శాస్త్రజ్ఞుడు లల్లుడు చెప్పియున్నాడు: పది పలముల రాగి, పండ్రెండు అంగుళముల వెడల్పు, అనగా జానెడు, అందు సగము లోతు. దానిని నీటిపై వదలినచో రంధ్రము గుండ నీరు మెల్లమెల్లగా లోనికెక్కి, సరిగా ఒక గడియకు, అనగా 24 నిమిషములకు, గిన్నె బుడుంగున మునుగును. పగలు, రాత్రి కలిసి 60 మునకలు. మునిగిన ప్రతిసారియు కాపరి దానిని పైకి తీసి, నీరు పారబోసి, మరల తేలవేసి, కంచు పళ్లెముపై కొట్టవలెను. కాపరి కునికినచో కాలము లేదు!

బాబరు తన స్వీయచరిత్రలో హిందూస్థానపు పట్టణములందు ఈ పనికే నియమింపబడిన మనుష్యులుండిరని వ్రాసెను. రాత్రి మెలకువ వచ్చిన వానికి కంచుమ్రోత వినబడినను అది ఎన్నవ జామో తెలియకుండెను. అందుచే గడియల వెనుక జాము సంఖ్యను కూడ మ్రోగింపుడని ఆయన ఆజ్ఞ యిచ్చెను. వినువాని కష్టము నెరిగిన ప్రభువు.

ఈ గిన్నెకు నిర్మలజలమే వాడవలెనని సూర్యసిద్ధాంతము విధించినది. నలుసు అడ్డుపడినచో గడియ సాగిపోవును. లీలావతి కథ ఇచ్చటనే పుట్టియుండును. భాస్కరుని కుమార్తె తన వివాహముహూర్తమునకై నీటిలో నుంచిన గిన్నెలోనికి తొంగిచూడగా, ఆమె ఆభరణము నుండి ఒక ముత్యము జారి రంధ్రమును మూసెననియు, గిన్నె మునుగకయే ముహూర్తము దాటిపోయెననియు ఆ కథ. 1587లో అక్బరు ఆజ్ఞచే ఫైజీ చేసిన పారశీకానువాదపు పీఠికలో ఇది కానవచ్చును. చారిత్రకులు దీనిని కట్టుకథ యందురు. కాని గిన్నె స్వభావము నెరిగిన వారెవరో కట్టిన కథ.

మన యిండ్లలో నేడును ముహూర్తము జారుచునే యున్నది. కారణము మాత్రము ముత్యము కాదు. పల్నాటి బెల్లంకొండను తీసికొందము. రెడ్డిరాజుల కాలమునను, 1515లో శ్రీకృష్ణదేవరాయలు ఆ దుర్గమును గజపతుల నుండి గైకొన్న నాడును, అచ్చటి కాలమునకు ప్రమాణము అచ్చటి సూర్యుడే. ఉదయము కాగానే లెక్క మరల మొదలగును. మేము రేడియోలో తెలుపు సమయమన్ననో, కాకినాడకు చేరువగా పోవు 82½ డిగ్రీల రేఖకు చెందినది. బెల్లంకొండ సుమారు 80 డిగ్రీల వద్ద నున్నది. రెండున్నర డిగ్రీలకు పది నిమిషములు. గడియారము పండ్రెండు కొట్టిన పిమ్మట, సగటున పది నిమిషములకు గాని బెల్లంకొండలో సూర్యుడు నడినెత్తికి రాడు. 1906కు పూర్వము రైళ్లు నడచిన మద్రాసు కాలము ఈ యూరి కాలమునకు ఇంచుమించు ఒక్క నిమిషమే ఎడము!

పది నిమిషములు పోనిండు. పెద్ద పొరపాటు వేరొకటి కలదు. పంచాంగములోని గడియలను ఉదయము ఆరు గంటల నుండి లెక్కించువారు పెక్కుమంది. గడియ పుట్టునది ఆరింటికి కాదు, సూర్యోదయమునకు. బెల్లంకొండలో మే నెల చివర సూర్యుడు రమారమి 5-35కు ఉదయించును. జనవరి నడుమ 6-42 ప్రాంతమున. సంక్రాంతి దినములలో పది గడియలకు ముహూర్త మన్నారనుకొందము. పది గడియలనగా నాలుగు గంటలు; సరియైన లెక్కకు 10-42 అగును. ఆరింటి నుండి లెక్కించినవారు పది గంటలకే జీలకర్ర, బెల్లము వధూవరుల చేతికిత్తురు. ఎంత శ్రమపడి లగ్నము పెట్టించినను అది ఒకటిన్నర గడియకు పైగా ముందే నడచినది. పంచాంగము ఏ యూరికై గణింపబడినదో, ఆ యూరి సూర్యోదయమునే గైకొనవలెననుట మరువరాదు. పెక్కు పంచాంగములు ఇప్పుడు గంటలు, నిమిషములను కూడ ముద్రించుచున్నవి. ఉన్నచోట వానినే చూచుట మేలు.

గడియకుడుకను ఇంట చేసి చూడగోరు పిల్లలకొక మాట. పలుచని రాగి గిన్నె నొకదానిని తీసికొని, పెద్దల సాయముతో మిక్కిలి సన్నని సూదితో రంధ్రము చేయుడు. గడియారము ప్రక్కన నుంచుకొని మునుగు వేళను చూడుడు. ఆలస్యమైనచో రంధ్రమును కొంచెము పెద్దది చేయవచ్చును. త్వరపడి పెద్ద రంధ్రము చేసితిరా, మరియొక గిన్నెకై అమ్మ నడుగవలసి వచ్చును.