ముక్కులో చేరిన దూరపు చుట్టం

(పూర్వ విద్యార్థుల సంఘం స్వర్ణోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠం)



"అన్నా, ముప్పై ఏండ్లు జువాలజీ చెప్పినావు కదా, ఏదైనా సైన్సు చెప్పు, కానీ నిద్ర రాకుండా చెప్పు" అని నిర్వాహకులు నాకు ఇరవై నిమిషాలు ఇచ్చారు. నిద్ర సంగతి నేను హామీ ఇవ్వలేను. భోజనాలకు ముందే మాట్లాడమన్నారు కాబట్టి కొంత ధైర్యం.

ఈ ఉత్సవం కోసం చిరునామాల పుస్తకం తయారు చేస్తున్నప్పుడు మాకు వచ్చిన పెద్ద చిక్కు మన ఆడపడుచుల పేర్లు. పాత హాజరుపట్టీలో ఒక ఇంటిపేరు ఉంటుంది, పెళ్లయ్యాక ఇంకొకటి. సొంత పేరు పట్టుకుని, ఊరు పట్టుకుని, వాళ్ల అన్నదమ్ములను అడిగి ఒక్కొక్కరినీ వెతికాం. అప్పుడే నాకు ఈ ప్రసంగానికి దారి దొరికింది. ఎందుకంటే శాస్త్రంలో జీవులకు పెట్టే పేరు అచ్చం మన తెలుగు పేరు లాంటిదే. ముందు ఇంటిపేరు, తర్వాత సొంత పేరు. స్వీడన్ దేశపు లినేయస్ ఈ పద్ధతిని స్థిరపరిచాడు. జంతువుల పేర్లకు 1758లో వచ్చిన ఆయన పుస్తకమే మొదలు. ఇంటిపేరు చెబితే ఫలానా వాళ్ల మనిషి అని తెలిసినట్టు, జీవి మొదటి పేరు దాని చుట్టరికం చెబుతుంది. చుట్టరికం తప్పుగా తెలిస్తే ఇంటిపేరు మారుతుంది. సొంత పేరు మాత్రం ముందు పెట్టిందే నిలుస్తుంది.

అలా ఇంటిపేరు మారి, ఇల్లు కూడా మారిన ఒక జీవి కథ చెబుతాను. అది మన చెరువుల దగ్గర ఆడుకున్న పిల్లకాయలకు తగులుకునే జీవి.

1972లో నేను ఎనిమిదో తరగతి. మా బెంచీలో నా పక్కన కూచునే జతగాడు మంచి ఈతగాడు. ఎనుములను కడిగే చెరువులోనే మా ఈతలు, మా మునకలు. ఒకనాడు లెక్కల పీరియడులో అతడి ముక్కు నుంచి నెత్తురు కారింది. ఎండదెబ్బ అనుకున్నాం. నెలలు గడిచేకొద్దీ ఒక ముక్కుపుటం మూసుకుపోయింది. లోపల ఎర్రటి కండ కనబడేది. పలమనేరు, మదనపల్లె వైపు వాళ్లకు మల్బరీ పండు తెలుసు కదా, అట్లా గరుకుగా ఉండి, దాని మీద తెల్లటి చుక్కలు. పెద్దాసుపత్రిలో కోసి తీసేశారు. అక్కడి డాక్టరు అతడి నాయనతో "ఫంగస్" అన్నాడట. ఆ మాటను అతడు అమాయకంగా నాకు చెప్పాడు.

ఫంగస్ అంటే కుక్కగొడుగు అని మా సైన్సు పుస్తకంలో ఉంది. క్లాసులో ఆ మాట వేసింది నేనే. సాయంత్రానికల్లా అతడి పేరు కుక్కగొడుగు అయింది. అంటుకుంటుందని ఒకరు అన్నారు. బెంచీలో జాగా ఖాళీ అయింది. నేను కూడా మారి వెనక బెంచీలో కూచున్నాను. అతడు నెలన్నర బడికి రాలేదు. మా అయివారు ఇంటికి వెళ్లి నచ్చజెప్పి పిలుచుకొచ్చారు.

ఇప్పుడు ఆ జీవి సంగతి. దాని పేరు రైనోస్పోరిడియమ్ సీబెరి. గ్రీకులో రైనో అంటే ముక్కు. ఇంటిపేరులోనే ముక్కు ఉంది. దక్షిణ అమెరికాలో, బ్యూనస్ ఎయిర్స్ నగరంలో గిలెర్మో సీబర్ అనే వైద్యుడు 1900లో ఒక రోగి ముక్కులో దీన్ని చూసి రాశాడు. 1903లో వెర్నికె అనే ఆయన దీన్ని ఒక రకం ఏకకణ పరాన్నజీవి అనుకుని, కాక్సిడియమ్ అనే ఇంటిపేరు కింద చేర్చి, సీబర్ గౌరవార్థం సీబెరి అన్నాడు. అదే కాలంలో కలకత్తాలో ఓకినీలీ అనే సైనిక వైద్యుడు ఇలాంటి కండనే చూశాడు. ఆ నమూనాను పరిశీలించిన మించిన్, ఫాంథమ్ అనే ఇద్దరు 1905లో రైనోస్పోరిడియమ్ కినీలీ అని కొత్త పేరు పెట్టారు. 1914 నాటికే మద్రాసు నుంచి తిరుమూర్తి అనే వైద్యుడు ఈ జబ్బు గురించి రాశారు.

రెండూ ఒకటేనని తేలాక పంచాయితీ వచ్చింది. ఇంటిపేరు ఏది, సొంత పేరు ఏది? ముందు పెట్టిన సొంత పేరు సీబెరి కాబట్టి అది నిలిచింది. కినీలీ పోయింది. కాక్సిడియమ్ అనే ఇంటిపేరు తప్పు కాబట్టి పోయి, రైనోస్పోరిడియమ్ వచ్చింది. చెప్పాను కదా, మన ఆడపడుచుల పేర్ల లాగే. 1923లో ఎడిన్‌బరోలో ఆష్‌వర్త్ అనే జంతుశాస్త్రజ్ఞుడు దీని జీవితచక్రాన్ని విపులంగా రాసి, ఇది బూజు జాతి, అంటే ఫంగస్ అని తేల్చాడు. ఆ మాటే దాదాపు డెబ్బై ఐదేళ్లు పాఠ్యపుస్తకాల్లో నడిచింది. మా జతగాడి డాక్టరు తప్పేమీ చెప్పలేదు. ఆయన చదివింది ఆయన చెప్పాడు. నేనూ కాలేజీలో ఏళ్ల తరబడి అదే చెప్పాను, పరీక్షలో అట్లా రాసిన వాళ్లకే మార్కులు వేశాను.

అనుమానాలు మాత్రం మొదటి నుంచీ ఉన్నాయి. బూజు అయితే రొట్టె మీదో, ల్యాబ్‌లో గాజు పళ్లెంలోనో పెంచవచ్చు. దీన్ని ఎవరూ అట్లా పెంచలేకపోయారు. బూజు మందులు వేస్తే లొంగేది కాదు. 1990లలో ఢిల్లీలో ఒక పరిశోధకురాలు ఇది బూజూ కాదు, చెరువు నీళ్లను పచ్చగా చేసే ఒక సూక్ష్మజీవి అని వాదించారు. చివరికి డీఎన్ఏ చూశారు. 1999లో హెర్, అజెల్లో, టేలర్, శ్రీలంకలోని పెరదెనియకు చెందిన అర్సెకులరత్నె, మెండోజా కలిసి ఫలితం ప్రకటించారు. 2000లో ఫ్రెడ్రిక్స్ బృందం విడిగా చేసిన పనిలోనూ అదే వచ్చింది. ఈ జీవి బూజు కాదు. చేపలకు జబ్బులు తెచ్చే కొన్ని ఏకకణ జీవుల గుంపులోది. ఆ గుంపు బూజుల కంటే జంతువులకు దగ్గర. అంటే మనకు దగ్గర.

ఆ గుంపు పేరు కథ కూడా వినదగ్గదే. 1996లో దాన్ని గుర్తించినప్పుడు అందులో నాలుగు జీవులు. డెర్మోసిస్టిడియమ్, రోజెట్ ఏజెంట్, ఇక్తియోఫోనస్, సోరోస్పెర్మియమ్. నాలుగు మొదటి ఇంగ్లీషు అక్షరాలు కలిపి డ్రిప్ అన్నారు. సాల్మన్ చేపలను చంపే రెండోదానికి అప్పటికి సరైన పేరే లేదు, 'ఏజెంట్' అంటూ కాలం గడిపారు. 2003లో గానీ దానికి నామకరణం జరగలేదు. ఈలోగా 1998లో కావలియర్-స్మిత్ గుంపుకు ఇక్తియోస్పోరియా, అంటే చేపల బీజకణాల వాళ్లు అన్నాడు. మెండోజా వాళ్లు మీసోమైసిటోజోయియా, అంటే బూజుకూ జంతువుకూ నడిమి వాళ్లు అన్నారు. రెండు పేర్లూ పుస్తకాల్లో కనబడతాయి. నాకు మొదటిదే ఇష్టం. నోరు తిరుగుతుంది.

మరి ఇంకా దగ్గర చుట్టాలు ఎవరు? జంతువులకు అన్నిటికంటే దగ్గరి ఏకకణ జీవులు కొయానోఫ్లాజెల్లేట్లు. కొయానే అంటే గరాటు, ఫ్లాజెల్లమ్ అంటే కొరడా. చొక్కా కాలరు ఎత్తిపెట్టినట్టు చుట్టూ సన్నని వేళ్ల వరుస, మధ్యలో ఒక కొరడా. కొరడా ఆడించి నీటిని లాగుతుంది, కాలరుకు చిక్కిన బాక్టీరియాను తింటుంది. సముద్రంలోనూ ఉంది, మంచినీటిలోనూ ఉంది. 1866లోనే అమెరికాలో జేమ్స్-క్లార్క్ అనే ఆయన దీన్ని చూసి, స్పాంజి లోపలి కణాలు కూడా అచ్చం ఇట్లాగే ఉన్నాయే అన్నాడు. స్పాంజి జంతువు. ఆ పోలిక వెనక నిజంగా చుట్టరికం ఉందని గట్టిపడటానికి డీఎన్ఏ కాలం రావలసి వచ్చింది. 2002లో లాంగ్ బృందం జంతువులనూ, ఈ ఏకకణ చుట్టాలనూ కలిపి హోలోజోవా అని పేరు పెట్టింది.

2008లో మోనోసైగా బ్రెవికాలిస్ అనే కాలరు జీవి జన్యువులన్నీ చదివారు. మన ఒంట్లో కణానికి కణం అతుక్కుని ఉండటానికి కాడ్హెరిన్లు అనే ప్రొటీన్లు కావాలి. ఒంటరిగా బతికే ఈ జీవిలో వాటి జన్యువులు 23 దొరికాయి. పక్కన ఎవరూ లేనివాడికి అతుక్కునే సరంజామా ఎందుకు? బాక్టీరియాను పట్టుకోవడానికి వాడుకుంటుందేమో అని ఒక ఆలోచన. దీని బంధువు సాల్పింగోఇకా రోజెట్టా, ఒక రకం బాక్టీరియా నీటిలో ఉంటే కణాలు విడిపోకుండా పువ్వు ఆకారంలో గుత్తి కడుతుంది. పేరులోని రోజెట్టా అందుకే. ఒంటి కణాలు కలిసి ఒక ఒళ్లుగా ఎట్లా అయ్యాయో తెలుసుకోవడానికి శాస్త్రజ్ఞులు వీటి వెంట పడుతున్నారు.

బూజు మాత్రం పరాయిదని అనుకోకండి. అది కూడా మన చుట్టమే, మొక్కల కంటే దగ్గర. కాబట్టి కుక్కగొడుగు అని నేను వెక్కిరించింది శాస్త్రం ప్రకారమూ తప్పే, మర్యాద ప్రకారమూ తప్పే.

ఈ సంగతి నాకు ఒక రిఫ్రెషర్ కోర్సులో తెలిసింది. మూడు దశాబ్దాల తర్వాత మా జతగాడి ఇంటికి వెళ్లాను. అప్పటికి అతడి ముక్కుకు ఇంకో రెండుసార్లు ఆపరేషన్ అయింది. కండను కోసి, మొదలును కరెంటుతో కాల్చకపోతే మళ్లీ వస్తుంది. మళ్లీ రాకుండా కొందరు డాక్టర్లు డాప్సోన్ మాత్రలు కూడా ఇస్తారు. "ఒరే, నీకు వచ్చింది బూజు కాదంట, జంతువులకు దగ్గరి చుట్టమంట" అన్నాను. అతడు నవ్వి, "చుట్టమైతే మూడుసార్లు వస్తాదిలే" అన్నాడు. కాసేపాగి, "అంటుకునేదేనా?" అని అడిగాడు. మనిషి నుంచి మనిషికి అంటుకున్న దాఖలా లేదు, నీళ్ల నుంచే వస్తుంది అన్నాను. "మా యమ్మ నాకు సచ్చేదాకా వేరే చెంబు పెట్టింది రా" అన్నాడు. నేను బెంచీ మారిన సంగతి అప్పుడు ఎత్తాను. తనకు గుర్తుంది అన్నాడు. అంతకంటే ఏమీ అనలేదు.

ప్రపంచంలో ఈ జబ్బు ఎక్కువగా కనబడేది దక్షిణ భారతంలో, శ్రీలంకలో. ఇక్కడ ఉపాధ్యాయులు ఉన్నారు కాబట్టి చెబుతున్నాను. చెరువుల్లో, కుంటల్లో ఈదే పిల్లకాయలకు ఒకే ముక్కుపుటం నుంచి పదేపదే నెత్తురు వస్తుంటే ఎండ అని వదిలేయకుండా చెవి, ముక్కు, గొంతు డాక్టరుకు చూపించమనండి. పిల్లవాణ్ణి విడిగా కూచోబెట్టే పని లేదు.

భోజనాల తర్వాత ల్యాబ్‌లో సంఘం కొనిచ్చిన కొత్త సూక్ష్మదర్శిని కింద మన చెరువు నీటి చుక్క పెట్టి ఉంచుతాను. కాలరు జీవి కనబడుతుందని మాట ఇవ్వను, అది మిల్లీమీటరులో నూరోవంతు కూడా ఉండదు. ఓపికగా చూస్తే దొరకవచ్చు. నీళ్లు తెచ్చింది మా జతగాడే. చేతికి తడి తగలకుండా సీసా మెడకు తాడు కట్టి ముంచి తెచ్చాడు. చూడదలచిన వాళ్లు రండి.