వేలిముద్రపై హక్కు ఎవరిది?
(హక్కుల అవగాహన సభలో చేసిన ప్రసంగ పాఠం)



మేము నిర్వహిస్తున్న పాఠశాలలో మూడేళ్ల క్రితం హాజరు యంత్రం పెట్టించాం. ఉపాధ్యాయులు మొదలుకొని ఆయాల వరకు అందరూ వేలు ఆనించారు. ధర అడిగాం, వారంటీ అడిగాం. ఆ వేలిముద్రలు ఎక్కడ భద్రపరుస్తారని మాత్రం అడగలేదు.

గత ఏడాది సాఫ్ట్‌వేర్ లైసెన్సు గడువు ముగిసింది. మర్నాటి నుంచి యంత్రం హాజరు తీసుకోలేదు. పాత పట్టికలూ తెరుచుకోలేదు. రుసుము కడితేనే తెరుస్తామన్నారు విక్రేతలు. ఆ నెల జీతాలు ఆలస్యమయ్యాయి. ఆయాగా పనిచేసే ఒక సోదరి ఇంటి అద్దెకు అప్పు చేయవలసి వచ్చింది. ఒప్పందం చదవకుండా సంతకం చేసిన బాధ్యత మాదే.

యంత్రం మన సొంతమే కావచ్చు. దానిని నడిపే సాఫ్ట్‌వేర్‌పై మనకు దక్కేది షరతులతో కూడిన అనుమతి మాత్రమే. ఎంతమందికి, ఎన్ని యంత్రాలకు, ఎంతకాలం అన్నది ఆ లైసెన్సే నిర్ణయిస్తుంది. అయితే లైసెన్సు ముగిసినంత మాత్రాన మన వేలిముద్రలు పరుల సొత్తు కారాదు.

2019 ఆగస్టులో దక్షిణ కొరియా సంస్థ సుప్రీమాకు చెందిన ‘బయోస్టార్ 2’ ప్రవేశ నియంత్రణ వ్యవస్థలోని సమాచారం రక్షణ లేకుండా ఇంటర్నెట్‌లో బయటపడి ఉందని పరిశోధకులు వెల్లడించారు. అందులో 10 లక్షలకు పైగా వేలిముద్రల రికార్డులున్నాయని వారు తెలిపారు. పాస్‌వర్డ్ పోతే మార్చుకుంటాం. వేలిని మార్చుకోగలమా?

బీడీలు చుట్టి, గిన్నెలు తోమి, గీతలు అరిగిపోయిన వేళ్లను యంత్రం గుర్తించకపోవడమూ మనకు తెలిసిందే. పనికి వచ్చిన మనిషిని రాలేదనడం కూలి దోచుకోవడమే.

గోప్యత ప్రాథమిక హక్కని 2017 ఆగస్టు 24న సుప్రీంకోర్టు తొమ్మిదిమంది న్యాయమూర్తుల ధర్మాసనం ఏకగ్రీవంగా చెప్పింది. అవసరం తీరిన వ్యక్తిగత సమాచారాన్ని తొలగించాలన్న సూత్రాన్ని 2023 నాటి డిజిటల్ వ్యక్తిగత సమాచార రక్షణ చట్టం గుర్తించింది.

కనుక ప్రతి సంస్థలోనూ నాలుగు విషయాలు పట్టుబట్టి అడుగుదాం. ముద్రల నమూనాలను సంకేత భాషలోకి మార్చి దాచాలి. లైసెన్సు ముగిసినా హాజరు పట్టిక మన చేతికి అందాలి. ఉద్యోగం మానినవారి ముద్రలను తుడిచివేసి, ఆ మేరకు లిఖితపూర్వకంగా తెలపాలి. వేలు పడనివారికి సంతకాల పుస్తకం ఉండాలి.

మా పాఠశాలలో సంతకాల పుస్తకం మళ్లీ తెరిచాం. కొత్త ఒప్పందంలో ఈ షరతులు రాయించిన తరువాతే సంతకం చేశాం. మీ సంస్థల ఒప్పందాలను కూడా ఈ వారమే బయటకు తీసి చదవండి.