కట్టెల పొయ్యి చుట్టూ కట్టుబడి



ఇంటింటికీ గ్యాసు వచ్చాక కట్టెల పొయ్యి మీద ప్రసంగమేమిటని కొందరు నవ్వుకోవచ్చు. 1999లో దీపం పథకం, 2016లో ఉజ్వల వచ్చిన మాట నిజమే. కాని చలికాలం తెల్లవారుజామున మన కల్వకుర్తి వీధుల్లో నడిచి చూడండి. స్నానాల నీళ్ళు ఇంకా పత్తికట్టె మీదనే కాగుతున్నాయి. ఈ మధ్య కొందరు ఇనుప పొయ్యి కొని తెచ్చి, వెనక వరండాలో పెట్టించి, చుట్టూ ఇటుకలు కట్టిస్తున్నారు. ఆ కట్టుబడి గురించే నా మనవి.

నేను ఇంజనీరును కాను, గుమాస్తాను. 1983లో కేంద్రం పొగలేని పొయ్యిల కార్యక్రమం మొదలుపెట్టాక ఆ రిజిస్టరు రాసే పని నాకు పడింది. మా రిజిస్టరులో కట్టిన పొయ్యిలకు గడి ఉండేది గాని, పొగ బయటికి పోతున్న పొయ్యిలకు గడి లేదు. అందుకని మేస్త్రీ వెంట నేనే ఊళ్ళు తిరిగాను. గొట్టం మసితో పూడిపోతే దాన్ని పీకి మూలన పెట్టి, మునుపటిలాగే కళ్ళు నలుపుకుంటూ వండుకునే తల్లులు ఎందరో కనిపించారు. గొట్టం తుడవాలని వాళ్ళకు చెప్పినవారు లేరు.

సరే, కట్టుబడి సంగతి. ఇటుక గోడ అడ్డముంటే వెనక చెక్కకు భయం లేదనుకుంటాము. ఇటుక వేడిని ఆపదు, ఆలస్యం చేస్తుందంతే. పైగా ఏళ్ళ తరబడి వేడి తగిలిన చెక్క, మామూలు చెక్క కంటే తక్కువ వేడికే అంటుకుంటుంది. నిన్నటిదాకా ఏమీ కాలేదు గనుక రేపూ కాదనడానికి వీల్లేదు. అమెరికా అగ్నిరక్షణ ప్రమాణాల్లో అడ్డుగోడ లేని ఇనుప పొయ్యికీ కాలే వస్తువుకూ నడుమ 36 అంగుళాలు, ఒంటిరేకు గొట్టానికి 18 అంగుళాలు వదలమంటారు. మనవాళ్ళేమో వాసానికి ఆనించి గొట్టం లేపుతారు! గ్యాసు బండ కూడా ఆ పక్కనే.

పొయ్యికీ ఇటుకకూ మధ్య వేలు దూరేంత సందు వదలండి. మీటరు పొడవు ఇనుము 100 డిగ్రీలు వేడెక్కితే మిల్లీమీటరు పైచిలుకు సాగుతుంది. బిగించి కడితే ఇటుకే పగులుతుంది. నిప్పు తగిలే చోట సిమెంటు వద్దు, వేడికి పట్టు వదిలేస్తుంది. జల్లించిన ఎర్రమట్టిలో ఇసుక కలిపి కట్టించండి. అందంగా ఉంటుందని రాతి పలక వేయించే వారున్నారు. వడ్డెరలు పూర్వం బండ మీద కట్టెలు పేర్చి నిప్పు పెట్టే పలకలు లేపేవారు. నిప్పుకు పగిలే రాయిని తెచ్చి నిప్పు పక్కనే పెడితే ఎట్లా?

గొట్టం మిద్దె మీద మూడు అడుగులైనా లేవాలి. పాత ఆస్బెస్టాస్ గొట్టాలు ఇంట్లో పడి ఉంటే కోసి వాడకండి, ఆ ధూళి ఊపిరితిత్తులకు కేన్సరు తెస్తుంది. పచ్చి కట్టె మండిస్తే జిగట మసి పేరుకొని ఒకనాడు గొట్టంలోనే అంటుకుంటుంది. వాడకాన్ని బట్టి నెలకోసారైనా తుడిపించాలి.

మన వయసు వారికి ఒక్క మాట. చలికి బొగ్గుల కుంపటి గదిలో పెట్టుకొని తలుపులు మూయకండి. కార్బన్ మోనాక్సైడుకు వాసన లేదు, రంగు లేదు. రక్తంలోని హిమోగ్లోబిన్‌ను ప్రాణవాయువు కంటే 200 రెట్లకు పైగా గట్టిగా పట్టుకుంటుంది. తలనొప్పి అనుకొని పడుకున్నవారు లేవరు. పొగ కనబడటం లేదు కదా అని కోడలు చెప్పినా, మనుమడు చెప్పినా వినకండి.

కొలతల టేపు నా సంచిలోనే ఉంది. భోజనాలయ్యాక ఎవరి వరండా కొలతలు వారు చెబితే, గొట్టం ఎక్కడ లేపాలో కాగితం మీద గీసిస్తాను. సెలవు.