జీతము పెరిగిన దెప్పటినుండి?

పశ్చిమ ప్రకాశపు మెట్ట ప్రాంతములో, కనిగిరి ప్రక్కన, వెలిగండ్ల యను ఊరు కలదు. అచ్చట పనిచేసిన ప్రభుత్వోపాధ్యాయు నొకనిని ఊహించుకొందము. ఉద్యోగుల జీతములు పెరిగినవని పత్రికలో వార్త వచ్చిన ఉదయమున పొరుగింటి రైతు అరుగుమీద కూర్చుండి, “ఏం మేష్టారూ, జీతాలు పెరిగాయంట గదా!” అని పలుకరించును. “పెరిగాయి నాయనా; ఎప్పటినుంచి అన్నదే తేలాలి” అని ఆయన బదులు చెప్పును. రైతునకు ఇది చమత్కారముగా తోచవచ్చును. కాని వివాదమంతయు ఆ ఒక్క మాటలోనే ఇమిడియున్నది.

మన రాష్ట్రములో వేతన సవరణకు ఒకటి గాదు, మూడు తేదీలు ఉండుట పరిపాటి యైనది. మొదటిది, క్రొత్త జీతమును కాగితముమీద లెక్కగట్టు తేదీ. దీనినే నోషనల్ తేదీ యందురు. రెండవది, ఆ లెక్క ప్రకారము ఉద్యోగికి సొమ్ము రావలసిన తేదీ. మూడవది, పెరిగిన జీతము నిజముగా చేతికి వచ్చు నెల. మొదటి రెండు తేదీల నడుమ కాలమునకు హెచ్చు సొమ్ము లేదు. రెండవ, మూడవ తేదీల నడుమ సొమ్ము బకాయిగా నిలుచును.

ఈ మొదటి యెడము ఎంతయో చూడుడు. 1-7-1998 నాటి సవరణకు సొమ్ము 1-4-1999 నుండి లభించెను. తొమ్మిది నెలలు పోయినవి. 1-7-2003 నాటి దానికి 1-4-2005 నుండి, ఇరువదియొక్క నెలలు. 1-7-2008 నాటి దానికి 1-2-2010 నుండి, పందొమ్మిది నెలలు. 1-7-2013 నాటి దానికి రాష్ట్రము విడిపోయిన దినమగు 2-6-2014 నుండి, పదునొకండు నెలలు. 1-7-2018 నాటి దానికి 1-4-2020 నుండి. మరల ఇరువదియొక్క నెలలు. ఈ కడపటి సవరణకు ఉత్తరువు వెలువడినది 2022 జనవరిలో. కేంద్ర ప్రభుత్వము ఏడవ వేతన సంఘమునకు 2016 ఆగస్టులో క్రొత్త జీతము లిచ్చినను, మూలవేతనపు సొమ్మును 1-1-2016 నుండియే లెక్కగట్టి చెల్లించినది. ఉద్యోగులు ఈ పోలికను తరచు ఎత్తిచూపుదురు.

ఇక మన మేష్టారి లెక్క. ఆయన మూలవేతనము 40,000 రూపాయలనుకొందము. 2022 ఉత్తరువులోని ఫిట్‌మెంటు 23 శాతము, అనగా నెలకు 9,200 రూపాయలు. 1-7-2019 నుండి 27 శాతము మధ్యంతర భృతి వచ్చినది గనుక అంతకు ముందరి పండ్రెండు నెలలే చూతము. ఆ యేటికి 1,10,400 రూపాయలు కాగితముమీదనే నిలిచిపోయినవి. ఫిట్‌మెంటు కంటె భృతియే హెచ్చగుటచే, తొమ్మిది నెలల భృతిని తిరిగి రాబట్టుదురేమో యను భయము కూడ ఆనాడు పుట్టెను. 2022 ఫిబ్రవరి 3న ఉద్యోగులు విజయవాడలో పెద్ద ప్రదర్శన జరిపిన పిమ్మట, చర్చలలో ఆ రాబడి విరమింపబడెను.

ఉద్యోగములో నున్నవాడు ఈ నష్టమును ఎట్లో ఓర్చుకొనును. రేపటి జీతము అతనికి కలదు. ఆ నడుమ పదవీ విరమణ చేసినవాని సంగతి వేరు. అతని పింఛను ఆలస్యముగానైనను క్రొత్త జీతముపై స్థిరపడును. కాని గ్రాట్యుటీ, నిల్వయున్న సెలవుల సొమ్ము జీవితములో ఒక్కసారియే వచ్చునవి. వానిని పాత జీతముపై కట్టవలెనా, క్రొత్త జీతముపై కట్టవలెనా యనునదే వారి వాదము. మూడువందల దినముల సెలవులకు పది నెలల జీతము. మన మేష్టారికి ఆ ఒక్క పద్దులోనే తేడా 92,000 రూపాయలు. అది కుమార్తె పెండ్లికో, ఇంటి అప్పునకో ఆయన ముందే అనుకొనియుంచిన సొమ్ము.

న్యాయస్థానములు ఏమనినవి? ఒకే తరగతి పింఛనుదారులను ఒక తేదీతో రెండుగా చీల్చుట సమానత్వమునకు విరుద్ధమని సుప్రీంకోర్టు 1982 డిసెంబరులో నకారా కేసున తీర్పు చెప్పెను. ఆ కేసులోని తేదీ 31-3-1979. కాని 2005లో అమర్‌నాథ్ గోయల్ కేసున, పెంచిన గ్రాట్యుటీని 1-4-1995 నుండి విరమించినవారికే పరిమితము చేయుటను అదే న్యాయస్థానము సమర్థించెను. బొక్కసపు శక్తి కూడ తేదీ నిర్ణయమునకు తగిన కారణమే యని దాని భావము.

ప్రభుత్వపు వాదమును తోసిపుచ్చరాదు. ఖజానాలోని సొమ్ము ఉద్యోగులది మాత్రమే కాదు; మేష్టారి పొరుగున కూర్చున్న రైతుది కూడ. కాని సొమ్ము చాలనిచో చాలదని ముందే చెప్పవచ్చును. సవరణ గడువు తీరిన మూడేండ్లకు తేదీ నిర్ణయించి, ఆ నడుమ విరమించినవారిని వెనుకకు చూచి విడుచుట వేరు మాట. గడువునకు ముందే తేదీ తెలిసినచో ఉద్యోగియు తన సంసారమును దిద్దుకొనును. ఒక్కసారియే వచ్చు సొమ్ములకైనను క్రొత్త జీతమునే ఆధారముగా గొన్నచో నడుమ చిక్కినవారికి న్యాయము జరుగును.

వెలిగండ్ల రైతునకు ఈ సంగతి విడమరచి చెప్పనక్కరలేదు. వానను నమ్ముకొని సేద్యము చేయువాడు ఎంత కురిసెనని మాత్రమే అడుగడు. అదనున కురిసెనా యని అడుగును.