ఒక తగవు, రెండు దావాలు

గ్రామపెద్దలారా!

మా పినతండ్రిగారు ఒక మడి తమదని మా తండ్రిగారిపై దావా వేసిరి. అది తేలకమునుపే మా తండ్రిగారు అదే మడికై వేఱొక కోర్టులో ఎదురు దావా వేసిరి. రెండు తీర్పులు రెండు విధములుగా వచ్చినచో ఏది చెల్లును?

ఈ చిక్కు కలుగకుండుటకే 1908వ సంవత్సరపు సివిలు ప్రొసీజరు కోడులో 10వ సెక్షను కలదు. ఆ కక్షిదారుల నడుమనే, ఆ వివాదమే, అధికారముగల కోర్టులో ముందుగా నడచుచుండినచో, రెండవ దావా విచారణ నిలిచిపోవును. దావా కొట్టివేయబడదు, విచారణ మాత్రమే ఆగును. మా తండ్రిగారి దావా అట్లే ఆగెను.

మొదటిదానిలో తుదితీర్పు వెలువడినపిమ్మట, 11వ సెక్షను ప్రకారము ఆ విషయమును మరల విచారింపరాదు. అప్పుడు చెప్పవలసియుండియు చెప్పక విడిచిన వాదము సయితము తీరిపోయినట్లే యెంచబడును. మా తండ్రిగారు పాత పంపకపు దస్తావేజును రెండవ దావాకై దాచియుంచి, మొదటిదానిలో ఆ మాటయే యెత్తరైరి. మడి పోయినది.

కావున మీ సలహా కోరి వచ్చినవారిని క్రొత్త దావాకు పురికొల్పకుడు. నడచుచున్న దావాలోనే ఉన్న మాటయెల్ల చెప్పుమనుడు.