ఒకే ఇల్లు, రెండు బాల్యాలు



హైదరాబాద్‌లో గడిచిన నా చిన్నతనం గురించి మాట్లాడమన్నారు. అందరిలాగే నేనూ డబుల్ డెక్కర్ బస్సుతోనే మొదలుపెడతాను. 1970లలో మా ఇల్లు చిక్కడపల్లిలో. ఆదివారం నాన్న బయటికి తీసుకెళితే, బస్సు పై అంతస్తులో ముందు సీటు కోసం అన్నయ్యా నేనూ పోట్లాడుకునేవాళ్లం. ట్యాంక్‌బండ్ మీద వెళుతుంటే హుస్సేన్‌సాగర్ అంతా మాదే అనిపించేది.

పదమూడో ఏట నేను పెద్దమనిషినయ్యాను. నా నగరం బడికీ ఇంటికీ కుదించుకుపోయింది. అన్నయ్య నగరం మాత్రం ఏటేటా పెరిగింది. సైకిలు, క్రాస్‌రోడ్స్‌లో సినిమాలు, ఇరానీ హోటల్లో గంటలకొద్దీ కబుర్లు. అలాంటి హోటల్లోకి నేను వెళ్లింది ఒక్కసారే, నాన్నతో, తెర కట్టిన ఫ్యామిలీ గదిలోకి. చాయ్ రుచి గుర్తు లేదు. తెర గుర్తుంది.

1938లో మొదలైన నుమాయిష్‌లో ఆడవాళ్లకోసం ‘లేడీస్ డే’ ఉండేది. అమ్మ బయట గొంతెత్తి నవ్వడం నేను చూసింది ఆ రోజే.

మా ఇంట్లో అంట్లు తోమే ఆమె కూతురిది నా వయసే. ఆ పిల్లను వీధిలోకి వెళ్లొద్దని ఎవరూ అనలేదు, నాలుగిళ్లలో పని ఉంది కనుక. నాకు వీధి లేదు. ఆమెకు వీధి ఉన్నా ఆట లేదు.

ఇదంతా ఇంటి సంగతి అనుకునేదాన్ని. సంఘంలోకి వచ్చాక రాజ్యాంగం చదివాను. దుకాణాలు, హోటళ్లు, వినోద స్థలాలు, రోడ్ల విషయంలో కులం, మతం, ఆడా మగా తేడాతో ఎవరికీ ఆటంకం ఉండకూడదని 15వ అధికరణంలోని రెండో క్లాజు చెబుతోంది. అది 1950 నుంచీ అమల్లో ఉంది. అంటే, నాకు ఆ తెర కట్టేనాటికే ఆ హక్కు పుట్టి పాతికేళ్లు.

2023 డిసెంబర్ 9న తెలంగాణ ఆర్టీసీ బస్సుల్లో స్త్రీలకు ఉచిత ప్రయాణం మొదలైంది. ఆ తర్వాత ఒకరోజు బస్సులో పక్కన కూర్చున్న అమ్మాయిని “ఎక్కడికమ్మా?” అని అడిగాను. “ఊరికే ఆంటీ, ట్యాంక్‌బండ్ చూసొద్దామని” అంది. పనేమీ లేకుండా, ఊరికే! ఆ మాట చెప్పడానికి మా తరం ఆడపిల్లలకు ధైర్యం చాలలేదు.

మీ బస్తీ సమావేశాల్లో ఒక పని చేయండి. ఆడపిల్లలు ఒంటరిగా వెళ్లగలిగే చోట్లన్నీ కాగితం మీద గీయించండి. వాళ్ల అన్నదమ్ములతోనూ గీయించండి. రెండూ పక్కపక్కన గోడకు అంటించి, తల్లిదండ్రులను పిలిచి చూపించండి. తర్వాత వాళ్లతో ఏం మాట్లాడాలో ఆ కాగితాలే చెబుతాయి.

సెలవు.